చార్జ్ మెమో పెండింగ్‌లో ఉండగా రిటైర్మెంట్: ఏవి చేతికొస్తాయి, ఏవి ఆగుతాయి?

పల్నాడు సెక్షన్ క్లర్క్ (ప్రశ్న)

అందరికీ నమస్కారం. మా ఆఫీసు సూపరింటెండెంట్ గారు మరో మూడు నెలల్లో, 62 ఏళ్లు నిండి రిటైర్ అవుతున్నారు. 2004 సెప్టెంబర్‌కు ముందు చేరినవారు, పాత పెన్షనే. ఆయన పెన్షన్ కాగితాలు నా సీటు నుంచే కదలాలి. రెండు చిక్కులున్నాయి.

మొదటిది: రెండేళ్ల కిందట సీసీఏ (ఉద్యోగుల క్రమశిక్షణ) రూల్స్ 20వ రూల్ కింద, అంటే పెద్ద శిక్షల కోసం, చార్జ్ మెమో (అభియోగాల పత్రం) ఇచ్చారు. విచారణాధికారిని నియమించారు, రెండు సిట్టింగులు జరిగాయి, రిపోర్టు రాలేదు. ఆయన సస్పెన్షన్‌లో లేరు, డ్యూటీలోనే ఉన్నారు.

రెండోది: ఆరేళ్ల కిందటి బిల్లుల మీద ఆడిట్ అభ్యంతరం, 4,60,000 రూపాయలు. దానిమీద సంజాయిషీ మెమో మాత్రమే వచ్చింది, జవాబు ఇచ్చేశారు. ఆ తర్వాత ఉలుకూ పలుకూ లేదు.

పైఆఫీసు వాళ్లు ఫోన్‌లో "కేసు తేలేదాకా జీపీఎఫ్ (ప్రావిడెంట్ ఫండ్)తో సహా అన్నీ ఆపేయండి, ఆడిట్ సొమ్మును నో డ్యూస్ సర్టిఫికెట్‌లో (బకాయిలు లేవనే ధ్రువపత్రంలో) బకాయిగా చూపించండి" అంటున్నారు. అలా చేయవచ్చా? రూల్ ఏమిటో చెబితే నోట్‌ఫైల్ రాసుకుంటాను.

---

పెన్షన్ సెక్షన్

"అన్నీ ఆపేయండి" అన్న మాటతోనే మొదలుపెడతాను, తప్పు అక్కడే ఉంది. రిటైర్మెంటుకు వచ్చే డబ్బంతా ఒకే మూట కాదు. ఒక్కోదానికి ఒక్కో రూల్. నోట్‌ఫైల్‌లో కూడా ఒక్కోదానికి విడిగా పేరా రాయండి. అన్నిటినీ ఒకే వాక్యంలో కలిపితే పై అధికారి ఒకే సంతకంతో అన్నిటినీ ఆపేస్తారు.

జీపీఎఫ్ ఆయన సొంత పొదుపు. 1925 నాటి ప్రావిడెంట్ ఫండ్స్ చట్టం 3వ సెక్షన్ ప్రకారం కోర్టు డిక్రీకి కూడా అది జప్తు కాదు. చార్జ్ మెమో ఉందని ఆపడానికి వీల్లేదు. ఏపీజీఎల్‌ఐ (ప్రభుత్వ జీవిత బీమా) సొమ్ము, గ్రూప్ ఇన్సూరెన్స్ కూడా అంతే. 2000 జూన్ 22న ఆర్థిక శాఖ ఇచ్చిన 1097 జీవోలో, చర్యలు పెండింగ్‌లో ఉన్నవారికి ఏవి ఇవ్వాలో, ఏవి ఆపాలో పద్దు వారీగా ఉంది. మీ ఫైల్‌కు మొదటి జత కాగితం అదే కావాలి.

ఆగేవి ప్రధానంగా రెండు. ఒకటి గ్రాట్యుటీ: 1980 నాటి రివైజ్డ్ పెన్షన్ రూల్స్ 52వ రూల్ ఒకటో సబ్‌రూల్ (సి) క్లాజు ప్రకారం, చర్యలు ముగిసి తుది ఉత్తర్వులు వచ్చేవరకు ఇవ్వరు. రెండోది కమ్యుటేషన్, అంటే పెన్షన్‌లో కొంత భాగానికి బదులు ఒకేసారి సొమ్ము తీసుకోవడం: చర్యలు పెండింగ్‌లో ఉన్నంతకాలం పెన్షన్‌లో ఏ భాగాన్నీ కమ్యూట్ చేసుకోనివ్వరు. ఇది 1944 కమ్యుటేషన్ రూల్స్‌లోనే ఉంది. గ్రాట్యుటీ ఆగినప్పుడు అందరూ బాధపడతారు, కమ్యుటేషన్ సంగతి చాలామందికి తట్టదు. వయసు పెరిగేకొద్దీ కమ్యుటేషన్ ఫ్యాక్టర్ (ఆ సొమ్మును లెక్కించే గుణకం) తగ్గుతుంది. విచారణ నాలుగేళ్లు సాగితే ఆ తేడా మళ్లీ రాదు.

పెన్షన్ ఆగదు. పెన్షన్ రూల్స్‌లోని 9వ రూల్ నాలుగో సబ్‌రూల్, 52వ రూల్ కలిపి చదివితే ప్రొవిజనల్ (తాత్కాలిక) పెన్షన్ ఇచ్చి తీరాలి. రిటైరైన రోజు వరకు ఉన్న సర్వీసు మీద వచ్చే గరిష్ఠ పెన్షన్‌ను మించకుండా ఇవ్వవచ్చు. సాధారణ పెన్షన్‌లో 75 శాతానికి తగ్గకూడదని 1097 జీవో అంటుంది. అంటే పూర్తి పెన్షన్ 40,000 రావాల్సినవారికి కనీసం 30,000, దానిమీద కరువు భృతి. ఆయన సస్పెన్షన్‌లో లేరు కాబట్టి సర్వీసు రిటైరైన రోజు దాకా లెక్క. సస్పెన్షన్‌లోనే రిటైరైతే ప్రొవిజనల్ పెన్షన్‌కు సస్పెన్షన్ ముందురోజు దాకానే లెక్కిస్తారు.

ఇక్కడ జరిగే పొరపాటు ఒకటి చెబుతాను. ప్రొవిజనల్ పెన్షన్ మంజూరు ప్రొసీడింగ్స్‌లో పాత నమూనా చూసి "ఆరు నెలల కాలానికి" అని టైప్ చేస్తారు. అది పెన్షన్ కాగితాలు ఆలస్యమైనవారి కోసం రాసే వాక్యం. ఏడో నెలలో ట్రెజరీ బిల్లు వెనక్కి పంపుతుంది, పెన్షనర్ రెండు మూడు నెలలు ఖాళీ చేతులతో ఉంటారు. మీరు రాసేటప్పుడే "శాఖాపరమైన చర్యలపై తుది ఉత్తర్వులు వెలువడే వరకు" అని రాయండి. ఆ ఒక్క పదబంధం కోసం ఫెయిర్ కాపీ మళ్లీ తీయాల్సి వచ్చినా తీయండి.

---

సర్వీస్ మ్యాటర్స్ వకీలు

పైన చెప్పింది సరైనదే. ఆడిట్ అభ్యంతరం సంగతి నేను చెబుతాను, అసలు ప్రమాదం దానిలోనే ఉంది.

శాఖాపరమైన చర్య ఎప్పుడు మొదలైనట్టు? 9వ రూల్ ఆరో సబ్‌రూల్ చెబుతుంది: అభియోగాల పత్రం ఉద్యోగికి జారీ అయిన రోజు, లేదా అంతకుముందే సస్పెండ్ చేసి ఉంటే సస్పెన్షన్ రోజు. సంజాయిషీ మెమో, ప్రాథమిక విచారణ, విజిలెన్స్ రిపోర్టు, ఆడిట్ పేరా, వీటిలో ఏదీ "చర్య మొదలవడం" కాదు. 1991లో జానకిరామన్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది కూడా ఇదే, చార్జ్ మెమో జారీ అయితేనే చర్యలు మొదలైనట్టని. కాబట్టి ఈరోజుకు ఆ 4,60,000 మీద ఏ చర్యా పెండింగ్‌లో లేదు.

రిటైరయ్యాక మొదలుపెట్టాలంటే రెండో సబ్‌రూల్ (బి) అడ్డుగా నిలుస్తుంది. ప్రభుత్వ అనుమతి ఉండాలి. పైగా, మొదలుపెట్టే రోజుకు ముందు నాలుగేళ్లలోపు జరిగిన ఘటన అయి ఉండాలి. ఆరేళ్ల కిందటి బిల్లులకు ఆ దారి మూసుకుపోయినట్టే. ఈ నాలుగేళ్లను లెక్కించేది ఘటన జరిగిన తేదీ నుంచి. ఆడిట్ వాళ్లు కనిపెట్టిన తేదీ నుంచి కాదు. చాలా ఆఫీసులు ఇక్కడే తప్పు లెక్క వేస్తాయి.

అయితే ఆయన సర్వీసులో ఉన్నంతవరకు ఈ నాలుగేళ్ల అడ్డు వర్తించదు. ఈ మూడు నెలల్లో, ఆఖరి రోజు సాయంత్రమైనా సరే, చార్జ్ మెమో ఇస్తే అది రిటైర్మెంట్ తర్వాత కూడా కొనసాగుతుంది. అందుకని ఆఖరి వారంలో సెలవు పెట్టి ఇంట్లో కూర్చోవడం, మెమో తీసుకోకుండా తప్పించుకోవడం కొందరు చేస్తారు. దానివల్ల ఉపయోగం లేదు. 1993లో ఢిల్లీ డెవలప్‌మెంట్ అథారిటీ, హెచ్.సి. ఖురానా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది: చార్జ్ మెమో రూపొందించి ఉద్యోగికి పంపిస్తే జారీ అయినట్టే, చేతికి అందడం వేరే విషయం. చూడాల్సింది డిస్పాచ్ రిజిస్టర్. మెమో నంబరు ఎదురుగా ఏ తేదీ పడింది, రిజిస్టర్డ్ పోస్టు రసీదు మీద ఏ తేదీ ముద్ర ఉంది. మెమో మీద 30వ తేదీ వేసి, కవరు మరుసటి నెల 9న పోస్టులో పడితే, ఆ కవరే ఆయనకు ఆధారం. కవరు పారేయొద్దని చెప్పండి.

అంత ఆలస్యంగా ఇచ్చిన మెమోను ఆలస్యం కారణంగానే సవాలు చేయవచ్చు. 1998లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం, ఎన్. రాధాకిషన్ కేసులో కారణం చెప్పలేని జాప్యం వల్ల చార్జ్ మెమో రద్దయింది. కానీ ఆలస్యం ఒక్కటే అన్ని కేసుల్లోనూ సరిపోదు. ఆ జాప్యంలో ఉద్యోగి వాటా లేదని, దానివల్ల తన వాదన చెప్పుకోవడానికి రికార్డులు, సాక్షులు దొరకడం లేదని చూపించాలి.

---

పల్నాడు సెక్షన్ క్లర్క్

చాలా ఉపయోగపడింది సార్. మరి నో డ్యూస్ సర్టిఫికెట్‌లో ఆ సొమ్ము చూపించమంటున్నారు కదా. రఫీక్ మసీహ్ తీర్పు ప్రకారం ఏడాదిలో రిటైరయ్యేవారి నుంచి వసూలు చేయకూడదని రాయవచ్చా? ఇంకో సంగతి, సంపాదిత సెలవు 300 రోజులు నిల్వ ఉంది. దాని నగదు సంగతేమిటి?

---

సర్వీస్ మ్యాటర్స్ వకీలు

రఫీక్ మసీహ్ ఇక్కడ రాయకండి. 2014 నాటి ఆ తీర్పు ఆఫీసు పొరపాటున ఎక్కువ జీతం ఇచ్చిన సందర్భాలకు, అంటే తప్పుగా వేసిన ఇంక్రిమెంటు, తప్పు పే ఫిక్సేషన్ లాంటివాటికి. ఇది నష్టం ఆరోపణ. సంబంధం లేని తీర్పు పెడితే పై ఆఫీసు దాన్ని కొట్టేసి, దాంతోపాటు మీ మిగతా నోట్‌నూ తేలిగ్గా తీసుకుంటుంది.

మీరు రాయాల్సిన పాయింటు వేరు. ప్రభుత్వ బకాయి అంటే తేలిన సొమ్ము: ఇంటి అడ్వాన్సులో మిగిలిన వాయిదాలు, క్వార్టర్ అద్దె, ఎక్కువగా డ్రా చేసిన జీతం. ఉద్యోగి నిర్లక్ష్యం వల్ల నష్టం జరిగిందన్నది ఆరోపణ. 9వ రూల్ ఒకటో సబ్‌రూల్ ప్రకారం విచారణలో తీవ్ర దుష్ప్రవర్తన లేదా నిర్లక్ష్యం రుజువైతేనే ఆ నష్టాన్ని పెన్షన్, గ్రాట్యుటీల నుంచి రాబట్టవచ్చు. విచారణే మొదలవని సొమ్ము బకాయి కాలేదు. సర్టిఫికెట్‌లో ఆ అంకె వేస్తే, సంతకం పెట్టిన అధికారి రేపు హైకోర్టులో దానికి జవాబు చెప్పుకోవాలి. ఈ మాట నోట్‌లో మర్యాదగా రాయండి, పని చేస్తుంది.

---

పెన్షన్ సెక్షన్

సెలవు నగదు గురించి. ఇది పూర్తిగా ఆపాల్సిన పద్దు కాదు, పూర్తిగా ఇచ్చి తీరాల్సినదీ కాదు. 1997 జనవరి 15 నాటి 11వ జీవో ప్రకారం, చర్యలు పెండింగ్‌లో ఉండి రిటైరైనప్పుడు, కేసు ముగిశాక ఉద్యోగి నుంచి సొమ్ము రాబట్టాల్సి రావచ్చని సెలవు మంజూరు అధికారికి అనిపిస్తే, మొత్తాన్నో కొంతనో ఆపవచ్చు. చార్జ్ మెమో ఉన్నంత మాత్రాన ఆపవచ్చని అందులో లేదు. కాబట్టి ఆ రెండేళ్ల నాటి చార్జ్ మెమో తెరిచి చూడండి. అభియోగాల్లో రూపాయల నష్టం ఎక్కడైనా ఉందా? ఫైళ్లు ఆలస్యం చేశారు, పై అధికారి ఆదేశం పాటించలేదు అన్నవే అయితే రాబట్టే సొమ్మే లేదు, మొత్తం ఇవ్వాలి. నష్టం 80,000 అని ఉంటే ఆ మేరకు ఆపి మిగతాది ఇమ్మని అడగండి. ఆపితే కారణం రాతలో ఉండాలి.

ఆయన దరఖాస్తును కూడా మీరే అలా రాయించండి. "నాపై అభియోగాలు 1, 2లలో ఆర్థిక నష్టం ఆరోపణ లేదు" అని మొదటి పేరాలోనే. మామూలు ఫారం పెడితే మామూలుగానే పక్కన పెడతారు.

---

కరీంనగర్ యూనియన్

తెలంగాణలో కూడా ఇవే రూల్స్ నడుస్తున్నాయి, 1980 నాటి పెన్షన్ రూల్సే. రిటైర్మెంట్ వయసు మాత్రం 61.

ఇక్కడ ఎవరూ ఎత్తని పాయింటు ఒకటుంది. చార్జ్ మెమో 20వ రూల్ కిందా, 22వ రూల్ కిందా అన్నది చాలా తేడా తెస్తుంది. చిన్న శిక్షల కోసం 22 కింద ఇచ్చిన మెమో పెండింగ్‌లో ఉంటే, సొమ్ము రాబట్టే సంగతి లేనప్పుడు, గ్రాట్యుటీ ఆపనక్కరలేదని 52లోనే మినహాయింపు ఉంది. ఆఫీసులు ఆ మినహాయింపు చదవకుండా రెండిటినీ ఒకే గాటన కడతాయి.

మీ సూపరింటెండెంట్ గారిది 20 కింద కాబట్టి ఈ మూడు నెలలే కీలకం. సర్వీసులో ఉండగా కేసు ముగిస్తే, క్రమశిక్షణాధికారి మందలింపుతోనో, అభియోగాలు ఉపసంహరించుకునో ఫైల్ మూసేయవచ్చు. మర్నాటి నుంచి అన్నీ మామూలుగా వస్తాయి. రిటైరయ్యాక ఆ అధికారికి శిక్ష వేసే అధికారం ఉండదు. కిందిస్థాయి అధికారి మొదలుపెట్టిన కేసైతే నివేదికను ప్రభుత్వానికి పంపాలి, తుది ఉత్తర్వు ప్రభుత్వమే ఇవ్వాలి. ఇంక్రిమెంటు ఆపడం, మందలించడం అప్పుడు కుదరవు, పెన్షన్‌లో కోత ఒక్కటే మిగులుతుంది. ఆ కోతకు తీవ్ర దుష్ప్రవర్తన లేదా నిర్లక్ష్యం అని స్పష్టంగా తేలి ఉండాలి. 1990లో డి.వి. కపూర్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది అదే. చిన్న తప్పు రుజువైనా కోత వేయలేరు, కానీ ఆ మాట సచివాలయం నుంచి రాతలో రావడానికి ఏళ్లు పడుతుంది, అంతవరకు గ్రాట్యుటీ అక్కడే. అందుకే ఆరోపణ చిన్నదైతే ఇప్పుడే తేల్చుకోవడం మంచిదని నా ఉద్దేశం.

రేపే చేయాల్సింది: ఆయన పేరుతో విచారణాధికారికి ఒక ఉత్తరం. రిటైర్మెంట్ తేదీ మొదటి వాక్యంలో ఉండాలి. సాధారణ కేసులు మూడు నెలల్లో, క్లిష్టమైనవి ఆరు నెలల్లో ముగించాలని సాధారణ పరిపాలన శాఖ 2008 నవంబర్ 1న ఇచ్చిన 679వ జీవో నంబరు వేయండి. ఇప్పటిదాకా తాను ఏ సిట్టింగుకూ వాయిదా అడగలేదని, అది నిజమైతేనే, రాయాలి. కాపీ క్రమశిక్షణాధికారికి, అక్నాలెడ్జ్‌మెంట్ తీసుకోవాలి. రేపు కోర్టుకు వెళ్లాల్సి వస్తే ఈ ఉత్తరమే మొదటి ఆధారం.

---

విజయనగరం 1966

మా బావగారిది కాస్త వేరే సంగతి. ఏసీబీ ఎఫ్ఐఆర్ అయింది, చార్జిషీట్ ఇంకా వేయలేదు. సస్పెండ్ చేసి తర్వాత మళ్లీ డ్యూటీలోకి తీసుకున్నారు. వచ్చే నెల రిటైర్మెంట్. ఎఫ్ఐఆర్ ఒక్కదానితో గ్రాట్యుటీ ఆపవచ్చా?

---

సర్వీస్ మ్యాటర్స్ వకీలు

ఎఫ్ఐఆర్ ఒక్కదానితో న్యాయ విచారణ మొదలైనట్టు కాదు. మేజిస్ట్రేట్ విచారణకు స్వీకరించిన పోలీసు నివేదిక దాఖలైన రోజే మొదలైనట్టని 9వ రూల్ ఆరో సబ్‌రూల్ (బి) క్లాజులో ఉంది. కానీ మీ బావగారి విషయంలో సస్పెన్షన్ జరిగింది కదా. సస్పెన్షన్ తేదీ నుంచే శాఖాపరమైన చర్య మొదలైనట్టు అనే క్లాజును ఆఫీసు పట్టుకుంటుంది. అక్కడ చూడాల్సింది, తిరిగి డ్యూటీలోకి తీసుకున్న ఉత్తర్వులో "తదుపరి చర్యలకు లోబడి" అని ఉందా, ఆ సస్పెన్షన్ తర్వాత శాఖ నుంచి అభియోగాలేమైనా వచ్చాయా అన్నది. ఆ రెండు కాగితాలు చూడకుండా ఇంతకుమించి చెప్పడం సరికాదు. వకీలుకు చూపించండి. 2018 జూలైలో అవినీతి నిరోధక చట్టం సవరించాక, రిటైరైనవారి మీద ప్రాసిక్యూషన్‌కు కూడా ముందస్తు అనుమతి కావాలి. ఆ అనుమతి ఫైల్ ఏ దశలో ఉందో కనుక్కోండి.

---

పల్నాడు సెక్షన్ క్లర్క్

ఉత్తరం ఈరోజే డ్రాఫ్ట్ చేశాను. ఒకవేళ రిటైరయ్యాక కూడా విచారణ సాగితే ఆయన ఏం చేయాలి? గ్రాట్యుటీ చట్టం కింద కార్మిక శాఖకు వెళ్లవచ్చని ఒకరు అన్నారు.

---

సర్వీస్ మ్యాటర్స్ వకీలు

వెళ్లకూడదు. 1972 గ్రాట్యుటీ చట్టం (2025 నవంబర్‌లో దాని స్థానంలో సామాజిక భద్రత కోడ్ వచ్చింది) సొంత పెన్షన్ రూల్స్ ఉన్న ప్రభుత్వ ఉద్యోగులకు వర్తించేది కాదు. ఆ చట్టంలోని 20 లక్షల పరిమితి చూసి మనకూ అంతేననుకుంటారు. ఇక్కడ పెన్షన్ రూల్స్ కింద పరిమితి 16 లక్షలు.

ఉద్యోగుల కేసులు వినే ట్రైబ్యునల్ ఇప్పుడు లేదు కాబట్టి నేరుగా హైకోర్టులో రిట్. అందులో చార్జ్ మెమో రద్దు ఒక్కటే అడిగితే సంవత్సరాలు పడుతుంది. ఫలానా గడువులో విచారణ ముగించాలని, లేకపోతే ముగిసినట్టు భావించి గ్రాట్యుటీ విడుదల చేయాలని ప్రత్యామ్నాయంగా అడగాలి. 2015లో ప్రేమ్‌నాథ్ బాలి కేసులో సుప్రీంకోర్టు ఆరు నెలలు, తప్పనిసరైతే ఏడాది అని చెప్పిన మాట ఇందుకు పనికొస్తుంది. ఏ రూల్ ఆధారం లేకుండా సొమ్ము ఆపితే 2013 నాటి జార్ఖండ్ ప్రభుత్వం, జితేంద్ర కుమార్ శ్రీవాస్తవ తీర్పు ఉంది. పెన్షన్, గ్రాట్యుటీ రాజ్యాంగం 300ఏ అధికరణం కింద ఆస్తి, కార్యనిర్వాహక ఆదేశంతో ఆపలేరని. కానీ మన రూల్స్‌లో 9, 52 ఉన్నాయి కాబట్టి గ్రాట్యుటీకి అది నేరుగా సరిపోదు. జీపీఎఫ్ ఆపితే మాత్రం గట్టిగా పట్టుకోవచ్చు.

విచారణాధికారి రిపోర్టు వచ్చాక దాని కాపీ ఆయనకు ఇవ్వకుండా ముందుకెళ్లకూడదు. మన హైదరాబాద్ ఈసీఐఎల్ కేసులో, 1993లో అయిదుగురు జడ్జీల ధర్మాసనం చెప్పింది. పెన్షన్‌లో కోత ప్రతిపాదిస్తే పబ్లిక్ సర్వీస్ కమిషన్ సలహా తీసుకోవాలి, ఆ సలహా కాపీ కూడా ముందే ఇవ్వాలి. ఈ రెండు కాగితాల్లో ఒకటి లేకపోయినా ఉత్తర్వు నిలబడటం కష్టం.

---

పెన్షన్ సెక్షన్

చివరిగా రెండు పనులు. ఈ మూడు నెలల్లోనే సర్వీసు రిజిస్టర్‌లో నామినేషన్ పేజీ తీసి, గ్రాట్యుటీ నామినీ పేరు, కుటుంబ సభ్యుల జాబితా తాజాగా ఉన్నాయో లేదో చూడండి. విచారణ నడుస్తుండగా పెన్షనర్ చనిపోతే చర్యలు అక్కడితో ఆగిపోతాయి, ఆపిన గ్రాట్యుటీ కుటుంబానికి వెళ్లాలి. పాత నామినేషన్ ఉంటే అదో పెద్ద తగాదా అవుతుంది.

రెండోది, కేసు ముగిసి పెన్షన్ ఖరారైతే కమ్యుటేషన్ దరఖాస్తు ఏడాదిలోపే పెట్టేలా ఆయన చేతిలో ఇప్పుడే ఒక ఖాళీ ఫారం ఉంచండి. ఏడాది దాటితే మెడికల్ పరీక్షకు వెళ్లాలి.

డ్రాఫ్ట్ ఉత్తరం పేర్లు తీసేసి ఇక్కడ పెట్టండి, చూసి చెబుతాం.